అడ్వాన్సు లేని సత్యము

ఈ మధ్య విశాఖపట్నమున ఇంజనీరింగు కళాశాలల సభాభవనములలోను, సముద్రపుటొడ్డు హోటళ్ళలోను ‘వృత్తి మార్గదర్శక సదస్సు’లను పేర జరుగుచున్న సమావేశములయందు ఒక నూతన ధర్మము బోధింపబడుచున్నది. ఉక్కు కర్మాగారమున కొత్త నియామకములు అడుగంటినవి. నౌకాశ్రయమున యంత్రములు వచ్చి కళాసీలను సాగనంపినవి. అమెరికా వీసా దైవాధీనమైనది. కావున, ఓ యువకులారా, కెమెరా చేతబట్టుడు, స్వతంత్ర డాక్యుమెంటరీ నిర్మాతలు కండు, మీకిక యజమాని యుండడు, మీ కాలము మీది, మీ సత్యము మీది, ప్రపంచమెల్ల మీ అంగడి యని, మెడలో గుర్తింపు పట్టీ వ్రేలాడగా ఒక పెద్దమనిషి వేదికపై అటునిటు నడయాడుచు ఉపదేశించును. పిల్లలు ఆ ఉపదేశమును ఫోనులలో బంధించుకొని ఇండ్లకు పోవుదురు. ఆ పెద్దమనిషి డాక్యుమెంటరీలు తీసి బ్రతుకుట లేదనియు, డాక్యుమెంటరీలు తీసి బ్రతుకవచ్చునని చెప్పుటచేత బ్రతుకుచున్నాడనియు గ్రహించుటకు వారికి వయస్సు చాలదు; వారి తండ్రులకు తీరిక చాలదు.

ఈ ఉపదేశమును వేదవాక్యముగా గైకొన్నవాడొకడు మా ఆటోనగరున కలడు. ఆతని పేరు చెప్పను. చెప్పినచో ఆతడు సంతోషించును గాని ఆతనికి అప్పిచ్చినవారు అంతకంటె నెక్కువ సంతోషింతురు. గాజువాక ప్రక్కన, జాతీయ రహదారినుండి లోపలికి మరలినంతనే, లారీలు తమ అంగాంగములను విప్పి నేలపై పరచుకొని సేదదీరు ఆ పేటలో, లేతు మిషనుల షెడ్డొకదానిపై రేకుల కప్పుగల గది ఆతని కార్యాలయము. క్రింద గ్యాస్ కటింగు, ప్రక్కన టింకరింగు, ఎదుట బాడీ బిల్డింగు; పగటివేళ అచ్చట మనుష్యుని మాట వినబడదు గనుక చిత్రములకు వ్యాఖ్యానము చెప్పించుట యెల్ల రాత్రి పొద్దుపోయి సుత్తులు విశ్రమించిన పిమ్మటనే జరుగవలెను. ‘శ్రమజీవుల హృదయస్పందనమునకు ఇంత చేరువగా మరి యే నిర్మాతకు కార్యాలయమున్నది?’ అని ఆతడనుచుండును. అద్దె తక్కువ యని చెప్పుటకు ఇంతకంటె గంభీరమైన రీతిని నేనెరుగను.

ఆటోనగరున ఎవరును వ్రాయని, ఎవరును తప్పని చట్టమొకటి కలదు. లారీ వచ్చును, మేస్త్రీ దాని క్రిందికి దూరి, బయటికి వచ్చి, చేతులు తుడుచుకొనుచు ఒక అంకె చెప్పును, బేరమాడినంత బేరమాడి బండి యజమాని సగము సొమ్ము చేతబెట్టును, ఆ సగముతో ఇనుము వచ్చును, వెల్డింగు కడ్డీలు వచ్చును, కుర్రవానికి టీ వచ్చును, పని ముగిసిన పిమ్మట మిగిలిన సగము ముట్టువరకు బండి షెడ్డు దాటదు. ఎంతటి కాంట్రాక్టరైనను, ఎంతటి నాయకుని బావమరిదియైనను, కమాను కట్టలు బిగింపించుకొని, ‘నీ పనితనము పదిమంది కన్నుల బడును గదా, అదియే నీకు ప్రతిఫలము’ అని బండి తోలుకొనిపోయినట్లు ఈ పేట చరిత్రలో దాఖలా లేదు. ఆ మాట చెల్లునది మేడమీది గదిలోనే. అచ్చట సరకు ముందు తయారగును. కొనువాని అన్వేషణము తరువాత నారంభమగును. కొనువాడు దొరకినచో, నేను చూచినందులకే నీవు కృతజ్ఞుడవై యుండుమని ఆతడు నిర్మాతను శాసించును.

“ఏటండి బాబూ,” అని ఒకనాడు క్రింది షెడ్డు యజమాని అడిగినాడు, “సరుకు తయారయ్యాక పార్టీని ఎతుక్కుంటారేటి? మాకైతే పార్టీ ఒచ్చి ఇనుం దింపితేగాని మిషనాడదు.”

“మాది కళ గదా, గురువుగారూ.”

“కళే, కాదన్నానా? కళకి కరెంటు బిల్లు రాదేటి?”

నిర్మాత మందహాసము చేసి, ఈ సంభాషణము తన తదుపరి చిత్రమునకు ప్రారంభదృశ్యముగా నుండదగినదని జేబులోని పుస్తకమున వ్రాసికొనెను. బిల్లు మాత్రము ఆ నెల కట్టలేదు.

యజమాని లేని వృత్తి యని గదా ఉపదేశము! అట్టి యజమాని లేనివాని సంవత్సరమును ఒకపరి సావధానముగా పరికింతము. పెండ్లి ముహూర్తములున్న మాసములలో ఆతడు పెండ్లిండ్లు తీయును. ఋషికొండ ఇసుకపైనను, భీమిలిలో డచ్చివారి సమాధుల ప్రక్కనను వధూవరులను పరుగెత్తించి, నెమ్మదిగా పరుగెత్తించి, మరల వెనుకకు పరుగెత్తించి, ఆ సొమ్ముతో ఇంటికి బియ్యము కొనును. ఇది చెప్పుకొనుటకు ఆతడు సిగ్గుపడును. ఏల సిగ్గుపడవలెనో నాకు బోధపడలేదు. పెండ్లి వీడియోకు మించిన డాక్యుమెంటరీ ఏది? అందలి పాత్రలు నటులు కారు. సంఘటన మరల జరుగదు. ఏడ్చువారు నిజముగా నేడ్తురు. అల్లుని అలక నిజమైన అలక, దానిని తీర్చు మోటారు సైకిలు నిజమైన మోటారు సైకిలు. అన్నిటికంటె ముఖ్యముగా, తీయించినవాడు సొమ్మిచ్చును, చూచువాడు మరల మరల చూచును, కత్తిరింపులు కోరు సెన్సారు బోర్డు ఉండదు, పెండ్లికూతురి మేనత్త తప్ప.

మార్చి నెల వచ్చెనా, ఆతడు భద్రతా చిత్రముల నిర్మాతయగును. 1966 మార్చి 4వ తేదీన జాతీయ భద్రతా మండలి ఏర్పడిన పుణ్యమున ఏటేట ఆ దినమున దేశమందలి కర్మాగారము లన్నియు భద్రతను స్మరించును. స్మరించినట్లు ఋజువుగా ఒక చిన్న చిత్రము కావలెను. అందు పసుపుపచ్చని కొత్త హెల్మెట్లు ధరించిన కార్మికులు కెమెరా వైపు బొటనవ్రేళ్ళెత్తి చూపుదురు. చిత్రీకరణము ముగియగానే ఆ హెల్మెట్లు లెక్క చూచుకొని స్టోర్సునకు వాపసు చేయబడును. 1997 సెప్టెంబరు 14న హిందూస్థాన్ పెట్రోలియం శుద్ధి కర్మాగారమున మంటలు లేచి యాబదికి మించి ప్రాణములు పోయిన ఊరిది. 2020 మే 7న తెల్లవారకమునుపే ఎల్‌జీ పాలిమర్స్ నుండి స్టైరీను ఆవిరి వెలువడి, ఆర్.ఆర్. వెంకటాపురము వీధులలో మనుష్యులు నడచుచు నడచుచు కూలిన ఊరిది. ఈ రెండు తేదీలను గూర్చి చిత్రమున ఒక్క వాక్యమైన చేర్తమా యని నిర్మాత ఒక కర్మాగారపు అధికారిని అడుగగా, ఆయన కొంతసేపు కిటికీలోనుండి పొగగొట్టములను చూచి, ‘కాస్త ఉత్సాహకరముగా ఉంటే బాగుంటుందండీ’ అని సెలవిచ్చెనట. ఉత్సాహకరముగా ముగింపవలసివచ్చినందున ఆ చిత్రము బొటనవ్రేళ్ళతో ముగిసినది.

తక్కిన మాసములందు ఆతడు దానధర్మముల చిత్రకారుడు. 2013 కంపెనీల చట్టము 135వ సెక్షను ననుసరించి నిర్ణీత పరిమాణమునకు మించిన కంపెనీలు గడచిన మూడేండ్ల సగటు నికర లాభమున నూటికి రెండు వంతులు సామాజిక కార్యములకు వెచ్చింపవలసియున్నది. వెచ్చింపుమని చట్టమన్నదే గాని వెచ్చించుచుండగా ఫొటో దిగుమని యనలేదు; పైపెచ్చు కార్యనిర్వహణపు ఖర్చులు నూటికి ఐదు వంతులు మించరాదని 2021లో నిబంధన కూడ చేసినది. అయినను గుప్తదానము మన పెట్టుబడికి అచ్చిరాని వస్తువు. పాఠశాలకు నీటి శుద్ధి యంత్రమొకటి ఒసగబడును. డ్రోను కెమెరా కొబ్బరిచెట్ల పైకి లేచును, వేణువు మ్రోగును, బాలిక యొకతె గ్లాసుడు నీరు త్రాగి ఆకాశము వైపు చూచును, ఆమె నోరు తుడుచుకొనుట బాగుగ రానందున మరల త్రాగించి మరల చూపింతురు, ప్రధానోపాధ్యాయుడు కృతజ్ఞత చెప్పును, అధికారి రిబ్బను కత్తిరించును. చిత్రము పూర్తియగు నాటికి యంత్రము ఆగిపోవుటయు కలదు. అంతమాత్రమున చిత్రము ఆగదు. ఈ జాతి చిత్రములన్నిటను ఒక విశేషము గమనింపుడు: కెమెరా అధికారిని క్రిందినుండి పైకి, గ్రామస్థుని పైనుండి క్రిందికి చూచును. దీనికి మెతుకుసీమలో, అనగా మెదకు ప్రాంతమున, పెట్టిన పేరొకటి యున్నది. అచ్చటికి తరువాత వత్తును.

‘ఇవి పొట్టకూటి పనులు, నా అసలు చిత్రము వేరే యున్నది’ అని నిర్మాత యనును. నిజమే. ప్రతి డాక్యుమెంటరీ నిర్మాతకు ఒక అసలు చిత్రముండును; అది హార్డు డిస్కులో నుండును. దానిని లోకమునకు చూపుటకు చలనచిత్రోత్సవములున్నవని సదస్సు పెద్దమనిషి బోధించియున్నాడు. ఉన్నవి. 1990లో బొంబాయిలో ప్రారంభమై నేటికిని రెండేండ్లకొక తూరి జరుగుచున్నదొకటి, ఆమ్‌స్టర్‌డామ్ నగరమున ఏటేట జరుగునదొకటి, ఇట్టివి సిసలైన ఉత్సవములు. వాని ద్వారములు ఇరుకు. ఇరుకు ద్వారముల వద్ద నిలిచి నిలిచి కాళ్ళు పీకినవారి సౌకర్యార్థము విశాల ద్వారములు వెలసినవి. ఇవి నెలకొక తూరి జరుగు అంతర్జాతీయోత్సవములు. వీనికి సినిమాహాలు లేదు, ప్రేక్షకులు లేరు, న్యాయనిర్ణేతలకు ముఖములు లేవు. ప్రవేశ రుసుము మాత్రము డాలరులలో కలదు. రుసుము ముట్టిన కొలదిదినములకే రెండు ఆకుకొమ్మల నడుమ ‘అఫిషియల్ సెలక్షన్’ అను అక్షరములు మెయిలులో దిగును. మరికొంత చెల్లించినచో ప్రతిమయు దిగును. ఆ కొమ్మలను పోస్టరుపై నతికించుకొనవలెను. మా నిర్మాత గోడమీది పోస్టరున కొమ్మలు పెరిగి పెరిగి చిత్రము పేరు కనబడుట మానినది. క్రింది షెడ్డు యజమాని దానిని చూచి మొక్కల పెంపకమును గూర్చిన చిత్రము కాబోలు ననుకొన్నాడు.

ఇంతకంటె గౌరవనీయమైన మార్గము ‘పిచింగు’. చల్లని గదిలో బల్ల కావలివైపు విదేశీ టెలివిజనుల ప్రతినిధులు కూర్చుందురు. ఈవలివైపు నిర్మాత నిలిచి, కొలది నిమిషములలో, ఒక జాలరి కుటుంబపు మూడు తరముల దుఃఖమును విప్పవలెను. వారు ఓపికతో విని, ముఖ్యపాత్ర ఎవరని, ఆమె పయనమేమని, చివర ఆశ యున్నదా యని అడుగుదురు. ఆశ లేదని చెప్పిన నిర్మాతకు ఆశ లేదు. మరియు ఆ దుఃఖము లోకమునకెల్ల బోధపడునట్లుండవలెను గనుక అందు గాజువాక యుండరాదు, గంగవరము ఉండరాదు, ‘దక్షిణాసియాలోని ఒక తీరనగరము’ ఉండవలెను.

మరియొక మార్గము ఓటీటీ. 2023 మార్చి నెలలో వచ్చిన ఆస్కారు రాత్రి తెలుగువారికి ‘నాటు నాటు’ రాత్రిగా జ్ఞాపకమున్నది, ఉండదగినదే. అదే రాత్రి అదే వేదికపై, ముదుమలై అడవిలో ఏనుగు గున్నలను పెంచిన దంపతులను గూర్చి కార్తికి గొన్సాల్వెస్ తీసిన ‘ది ఎలిఫెంట్ విస్పరర్స్’ లఘు డాక్యుమెంటరీల ఆస్కారును గెలుచుకొన్న సంగతి మన ఇండ్లలో ఎందరికి జ్ఞాపకమున్నదో అడిగి చూడుడు. సదస్సు పెద్దమనిషికి మాత్రము జ్ఞాపకమున్నది. ఒక ఏనుగు గెలిచినది గనుక ఇక ప్రతి కెమెరాయు గెలుచునని ఆయన సిద్ధాంతము. అట్లని తెలుగువాని డాక్యుమెంటరీకి ఓటీటీలో చోటు లేదనుట అన్యాయము. 2024 ఆగస్టులో నెట్‌ఫ్లిక్సున రాజమౌళిగారిని గూర్చి ఒక డాక్యుమెంటరీ వచ్చినది. ఆ యేటి చివరనే ‘ఆర్ఆర్ఆర్’ నిర్మాణమును గూర్చి మరియొకటి వచ్చినది. కావున తెలుగువాని యథార్థజీవితమున చూపదగిన భాగము, అతడు కల్పితకథను చిత్రించుచున్నప్పటి భాగమేనని తేలినది. ఆ నవంబరులోనే నటి నయనతార జీవితమును, వివాహమును గూర్చిన డాక్యుమెంటరీ ట్రైలరు వెలువడి, అందలి 3 సెకనుల దృశ్యమును గూర్చి నటుడు ధనుష్ 10 కోట్ల రూపాయలు కోరుచు నోటీసు పంపిన వార్త ఆటోనగరునకు చేరగా, మా నిర్మాత ఆ రాత్రి నిద్రపోలేదు. కాగితము తీసి లెక్క వేసినాడు. ఆ ధర చొప్పున గంట దృశ్యము విలువ 12,000 కోట్లు. 2025 జనవరిలో కేంద్ర ప్రభుత్వము ఉక్కు కర్మాగారమును నిలబెట్టుటకు ప్రకటించినది 11,440 కోట్లే! తన హార్డు డిస్కులోని గంటల సంఖ్యతో గుణించునప్పటికి కాగితము చాలలేదు. తెల్లవారి ఆతడు అద్దె గడువు కోరుటకు మేడ దిగినాడు. ఆతడు సిగ్గుపడు పెండ్లి వీడియోనే, పెండ్లికూతురు మాత్రము మారగా, ఓటీటీ కొనుచున్నదని నేను సూచింపగా, ఆతనికి కోపము వచ్చినది.

ఇంతవరకు వచ్చినపిమ్మట సదస్సు పక్షమువారు చరిత్రను శరణుజొత్తురు. ఈ కళకు మూలపురుషులు యజమానులెరుగని మహానుభావులట! మూలపురుషుడు రాబర్టు ఫ్లాహర్టీ. ఆయన 1922 నాటి ‘నానూక్ ఆఫ్ ది నార్త్’ చిత్రమునకు పెట్టుబడి పెట్టినది రెవియాన్ ఫ్రేర్ అను ఫ్రెంచి సంస్థ, ఉత్తరధ్రువ ప్రాంతపు జంతువుల బొచ్చును కొని అమ్ము వ్యాపారము వారిది. కథానాయకుని అసలు పేరు నానూక్ కాదు, అల్లకారియల్లాక్. తుపాకి యెరిగిన వానిచేత బల్లెముతో వేటాడించిరి. మంచు గృహమున వెలుతురు చాలకపోగా దానిని సగము కోసి, అందు కుటుంబమును చలిలో పరుండబెట్టిరి. అదే ఫ్లాహర్టీ 1948లో ‘లూసియానా స్టోరీ’ తీసినప్పుడు సొమ్మిచ్చినది స్టాండర్డ్ ఆయిల్ కంపెనీ; చిత్రమున చమురు యంత్రము చిత్తడినేలలోని బాలునకు చెలికాడై వచ్చి, పని ముగించుకొని, ఎవరికిని కీడు చేయక తరలిపోవును. ఈ కళకు నామకరణము చేసిన జాన్ గ్రియర్‌సన్ 1929లో హెర్రింగు చేపల వేటగాండ్రపై తీసిన ‘డ్రిఫ్టర్స్’ బ్రిటిషు సామ్రాజ్యపు సరకుల ప్రచారమునకు ఏర్పడిన మండలి ఖర్చుపై తీసినది. బొచ్చు, చమురు, సామ్రాజ్యము: ఇవి ఈ విద్యకు తొలి యజమానులు. ఆ చిత్రములు గొప్పవి, అందు నాకు సందేహము లేదు. నానూకును నేను ఇప్పటికిని కన్నార్పక చూతును. యజమాని లేడనుటయే బొంకు.

మన దేశమున ఆ యజమాని ప్రభుత్వము. 1948లో ఫిల్మ్స్ డివిజన్ ఏర్పడినది. డాక్యుమెంటరీపై ప్రజలకు గల ప్రేమ శాసనబలము లేనిదే నిలువదని ఏలికలు ముందుగనే గ్రహించి, ప్రతి సినిమాహాలును ప్రతి ఆటకు ముందు ఆమోదిత చిత్రమును చూపితీరవలెననియు, చూపినందులకు తన వసూళ్ళలో నూటికొక వంతు తానే చెల్లింపవలెననియు ఏర్పాటు చేసిరి. వస్తువును బలవంతముగా నిచ్చి వెల కూడ గైకొన్న వ్యాపారమిది. ‘న్యూస్ రీలు’ ఆడునంతసేపు హాలు బయట బీడీలు వెలుగుచుండెడివి; లోపల వరదలు, ఆనకట్టలు, మంత్రులు నలుపు తెలుపులలో ఖాళీ కుర్చీలకు కనబడుచుండెడివారు. బయటి నిర్మాతలకు పని పంచుట టెండరుల మీద, తక్కువ ధర కోట్ చేసినవానికి. అయినను ఆ కార్యాలయపు మెట్ల మీదనే, 1967లో, ఎస్.ఎన్.ఎస్. శాస్త్రి ఇరువదేండ్ల స్వాతంత్ర్యమును ఇరువదేండ్ల పిల్లల నోట పలికించినాడు. సుఖ్‌దేవ్ దేశమంతయు తిరిగి మాట లేకయే దేశమును చూపినాడు. చిత్రకారుడు హుస్సేను తీసిన లఘుచిత్రము బెర్లినులో బహుమతి గొన్నది. గుమాస్తాల నడుమ కళ యెట్లు మొలచినదో గుమాస్తాలకే తెలియదు. 2022లో ఆ డివిజనును చలనచిత్రాభివృద్ధి సంస్థలో విలీనము చేసిరి.

యజమానిని నిజముగా వద్దనుకొన్నవారు లేరా? ఉన్నారు, వారి చరిత్ర సినిమా పుటలలోకంటె న్యాయ పుటలలో విపులముగా లభించును. కె.ఎ. అబ్బాస్ 1968లో నాలుగు నగరములపై తీసిన చిన్న డాక్యుమెంటరీకి సెన్సారు వారితో వచ్చిన తగవు సుప్రీంకోర్టు వరకు నడచి, 1970లో సెన్సారు వ్యవస్థయే రాజ్యాంగసమ్మతమని తీర్పుతో ముగిసినది. ఆనంద్ పట్వర్ధన్ 1992లో తీసిన ‘రామ్ కే నామ్’ దూరదర్శనున కనబడునప్పటికి బొంబాయి హైకోర్టు జోక్యముతో 1997 వచ్చినది. ఆయన 1995 నాటి ‘ఫాదర్, సన్ అండ్ హోలీ వార్’ విషయమున సుప్రీంకోర్టు దూరదర్శనును ప్రసారము చేయుమని యాదేశించునప్పటికి 2006 వచ్చినది. దీపా ధన్‌రాజ్ హైదరాబాదు మతకలహములపై 1986లో చిత్రము తీసినది. హైదరాబాదు విశ్వవిద్యాలయ విద్యార్థి రోహిత్ వేముల మరణానంతరము చెలరేగిన ఉద్యమముపై వచ్చిన చిత్రమొకదానికి 2017లో తిరువనంతపురపు ఉత్సవమున సెన్సారు మినహాయింపు లభింపలేదు. వీరిని నేను పరిహసించుట లేదు. వీరి ఫొటోలను తెరపై చూపి, ఇది మంచి ఉపాధి యని పిల్లలకు చెప్పువానిని పరిహసించుచున్నాను. ఈ వృత్తిలో స్థిరమైన ఆదాయము వకీలుకే.

ఇక ముందు మాట యిచ్చిన మెతుకుసీమకు వత్తును. అచ్చట జహీరాబాదు దగ్గరి పస్తాపురమున, దక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ అను స్వచ్ఛంద సంస్థ నీడలో, అక్షరము రాని దళిత రైతుస్త్రీలు కెమెరాలు పట్టిరి. వరంగల్లు పొలములలో బీటీ పత్తి విత్తినది మొదలు ఏరువరకు రైతుల వెంట తిరిగి, కంపెనీ కరపత్రమునకును చేను చెప్పు మాటకును గల భేదమును 2003 నుండి వరుసగా చిత్రములుగా తీసిరి. కెమెరా కోణములకు వారు తమ బ్రతుకునుండియే పేళ్ళు పెట్టుకొనిరి. క్రిందనుండి పైకి చూచినది ‘పటేలు షాటు’, దొర అరుగుపైనను తాము నేలపైనను కూర్చున్న నాటి చూపు. ఎదుటిమనిషితో సమానముగా కూర్చుండి కన్నులలోనికి చూచినది ‘సంఘం షాటు’. మా నిర్మాత సంవత్సరమంతయు తీయుచున్నది పటేలు షాటేనని ఆతనికి నేను చెప్పినప్పుడు, ఆతడు చాలసేపు మాటాడలేదు. ఆ స్త్రీలు ఎవరివద్దను పిచింగు చేయలేదు, కొమ్మలు అతికించుకొనలేదు. వారికి చేలున్నవి, సంఘమున్నది, చిత్రమును చూడవలసినవారు ప్రక్క ఊరిలోనే యున్నారు. అది వృత్తి కాదు. వ్యవసాయము వారి వృత్తి. దీనిని సదస్సులో చెప్పినచో టిక్కెట్టు కొన్నవారు డబ్బు వాపసడుగుదురు.

మా వాని అసలు చిత్రమేమిటో చెప్పలేదు గదా. 1966 నవంబరు 1న ఉక్కు కర్మాగారము కోరి వీధికెక్కిన జనముపై ఈ ఊర కాల్పులు జరిగినవి. ఆ ఉద్యమమున రాష్ట్రమంతట 32 మంది చనిపోయిరని చెప్పుకొందురు. 1971 జనవరి 20న శంకుస్థాపన, 1992 ఆగస్టు 1న జాతికి అంకితము. ఈ తేదీలను ప్రతి ఉత్సవ చిత్రమును చెప్పును. వాని నడుమ 64 గ్రామములు లేచిపోయిన సంగతి చెప్పవలసివచ్చినప్పుడు వేణువు మ్రోగును. ఆ లేచిపోయినవారు వడ్లపూడి, అగనంపూడి, పెదగంట్యాడ పునరావాస కాలనీలలో నున్నారు. ఆటోనగరునుండి బస్సెక్కినంత దూరము. ఇంటికొక ఉద్యోగమను ఆశతో అందుకొన్న ‘ఆర్ కార్డు’ను ప్లాస్టికు సంచిలో చుట్టి, దేవుని పటము వెనుక దాచి, ఆ కార్డుతో తాత పోయి, తండ్రి ముసలివాడై, మనుమడు ఆటోనగరున టింకరింగు నేర్చుకొనుచున్న ఇండ్లున్నవి. 2021 జనవరి 27న కర్మాగారమును పూర్తిగ అమ్మివేయుటకు కేంద్రము సమ్మతించినపిమ్మట కూర్మన్నపాలెము కూడలిలో కార్మికులు శిబిరము వేసిరి. కర్మాగారము మాది యని వారు నినదించుచుండగా, భూమి మాది యని వడ్లపూడి ముసలమ్మ తన అరుగుపై కూర్చుండి గొణిగిన దృశ్యము మా వాని హార్డు డిస్కులో నున్నది. నేను చూచినాను. ఆతడు ఆమె ప్రక్కన, అరుగుపైననే కూర్చుండి తీసినాడు.

దానిని కొందరు పెద్దలకు చూపినాడు. ముసలమ్మ లేకున్న బాగుండునని యొకరు, శిబిరము లేకున్న బాగుండునని మరియొకరు, అమ్మివేయుటయే మేలని ఆమెచేత అనిపింపరాదా యని వేరొకరు సూచించిరి. తొంబది సెకనులకు కుదింపుమని ఒక చానలు, చివర ఆశ చేర్పుమని ఒక విదేశీ మెయిలు. యజమాని లేడన్న వృత్తిలో ఆతనికి ఒక్క వారములో ఐదుగురు యజమానులు దొరకిరి. వారిలో ఒక్కడును అడ్వాన్సు మాట యెత్తలేదు.

కావున సదస్సు పెద్దమనిషికి శ్రమ తగ్గించుటకై, ఆయన ఉపన్యాసమును ఆటోనగరువారికి అలవాటైన టెండరు ప్రకటనగా వ్రాసి, వచ్చే సదస్సునాడు హోటలు గోడపై అంటింపుమని మా నిర్మాత చేతికిచ్చినాను: స్వతంత్ర డాక్యుమెంటరీ నిర్మాత పదవికి దరఖాస్తులు కోరడమైనది, అభ్యర్థికి సొంత కెమెరా, సొంత వాహనము, సొంత ఆహారము, ఉద్యోగము చేయుచున్న భార్యగాని భర్తగాని ఉండవలెను, పని పూర్తిగ ముగించిన పిమ్మటనే పని ఇవ్వవలెనో లేదో ఆలోచింపబడును, ధరావత్తుగా యౌవనము చెల్లింపవలెను, అది వాపసు ఇవ్వబడదు, సత్యము అభ్యర్థిదే యైనను దానిలోని కత్తిరింపులపై సర్వహక్కులును ప్రకటనకర్తలవి, అతి తక్కువ ధర కోట్ చేసినవానికంటె ఉచితముగా చేయువానికి ప్రాధాన్యము, అడ్వాన్సు ప్రస్తావించిన దరఖాస్తులు కారణము తెలుపకయే తిరస్కరింపబడును. మా నిర్మాత ఆ కాగితమును రెండుమార్లు చదివి, ఇందు ఆఖరు తేదీ వేయలేదే యని అడిగినాడు.